ఉగ్రం రైఫిల్ 100 రోజుల్లో తయారైతే, ఆర్మీ చేతికి రావడానికి ఇంతకాలం దేనికి?

మీరు అడిగింది నాకు అర్థమైనంతవరకు ఇది: 2024 జనవరిలో పుణెలో ఉగ్రం రైఫిల్‌ని చూపించినప్పుడు 100 రోజుల్లోపే తయారుచేశామని డీఆర్‌డీఓ చెప్పింది, చేసింది మన హైదరాబాద్ కంపెనీ ద్వీప ఆర్మర్. మరి దాన్ని మన ఆర్మీ వాడుతున్న ఇన్సాస్, ఏకే-203, సిగ్ 716 రైఫిళ్ల పక్కన పెట్టి ఓ వారం కాల్చి చూస్తే ఏది మంచిదో తేలిపోదా, ఏళ్ల తరబడి ట్రయల్స్ దేనికి అని.

తేలదు. వారంలో తేలేది ఒక్కటే, కొత్త తుపాకీ కొత్తగా ఉన్నప్పుడు బాగా కాలుతుందా లేదా అని. ఆర్మీకి కావాల్సిన జవాబు అది కాదు. ఇప్పుడు జవాను చేతిలో ఉన్నదాని కంటే ఇది, లక్షల్లో కొని, సియాచిన్ నుంచి జైసల్మేర్ దాకా పంచి, పదేళ్లు వాడాక కూడా మెరుగ్గా ఉంటుందా అన్నది కావాలి. కాల్చడానికి పెద్దగా టైం పట్టదు. పోలిక సమంగా జరిగేలా చూడటానికే టైం అంతా పడుతుంది. అది చూసుకోకపోతే వచ్చిన అంకెలు చిత్తు కాగితాలే.

నేను ఈఎంఈలో, అంటే ఆర్మీలో ఆయుధాలు, యంత్రాలు బాగుచేసే విభాగంలో, ఆర్మరర్‌గా (తుపాకులు విప్పి సరిచేసేవాడిగా) చేసి రిటైరయ్యాను. ట్రయల్‌కి వచ్చిన ఆయుధాలు విప్పడం, కొలవడం, ఏ రౌండు దగ్గర ఏం ఆగిందో లాగ్‌బుక్‌లో రాయడం నా పని. ఏ యూనిట్, ఏ కంపెనీ అనేది చెప్పను, అడగొద్దు. మిగతా అంకెలన్నీ పేపర్లలో వచ్చినవే.

ముందు ఆ 100 రోజుల సంగతి. పుణెలోని డీఆర్‌డీఓ ల్యాబ్ ఏఆర్‌డీఈ డిజైన్ చేసి పెట్టుకున్నదాన్ని ప్రైవేటు భాగస్వామి చేతికిచ్చాక మొదటి రైఫిళ్లు బయటికి రావడానికి పట్టిన కాలం అది. గొప్ప విషయమే, కాదనను. పాత రోజుల్లో డ్రాయింగు ఒక టేబుల్ మీంచి ఇంకో టేబుల్ మీదికి వెళ్లడానికే అంత పట్టేది. కానీ అవి ప్రోటోటైపులు. ఒక్కొక్కదాన్ని మంచి ఫిట్టర్ దగ్గర కూర్చుని సరిచేసి ఉంటాడు. యాభై వేలవ రైఫిల్ కూడా అలాగే ఉంటుందా అన్నది ఎవరికీ ఇంకా తెలియదు.

మీరు ఇంకో పొరపాటు పడుతున్నారు, చాలామంది పడేదే. ట్రయల్ అంటే కుస్తీ పోటీ కాదు, ఎవరు గెలిస్తే వాళ్లకి కప్పు ఇవ్వడానికి. మన దగ్గర కొనుగోలు పద్ధతిలో ముందు జీఎస్‌క్యూఆర్ అని, ఆర్మీకి ఏమేం కావాలో రాసే ఒక కాగితం తయారవుతుంది: ఇంత బరువు మించకూడదు, ఇంత దూరంలో ఇంత గ్రూపింగ్ (తూటాలన్నీ ఎంత దగ్గరగా తగిలాయన్నది) రావాలి, ఇన్ని రౌండ్లకి బ్యారెల్ తట్టుకోవాలి, ఇలా. వచ్చిన తుపాకీలు ఆ కాగితానికి సరిపోయాయా లేదా అని చూస్తారు, అంటే పాస్ లేదా ఫెయిల్. పాసైన వాళ్ల ధరల కవర్లు విప్పి, సాధారణంగా ఎవరిది తక్కువైతే వాళ్లకి ఇస్తారు. కాబట్టి పది మార్కులకి తొమ్మిది వచ్చిన రైఫిల్ అయినా, ఆరుతో గట్టెక్కిన రైఫిల్ ధర తక్కువైతే ఓడిపోవచ్చు. పద్ధతి నాకూ నచ్చదు గానీ ఉన్నది అదే.

అందుకే కాగితంలో తప్పు రాస్తే ఎంత కాల్చినా లాభం లేదు. 2011లో మన ఆర్మీ 66,000 రైఫిళ్లకి టెండర్ పిలిచింది. ఒక బ్యారెల్ పెడితే 5.56 మి.మీ. తూటా, ఇంకో బ్యారెల్ పెడితే 7.62×39 తూటా (మొదటి అంకె బుల్లెట్ వ్యాసం, రెండోది తూటా గొట్టం పొడవు, మి.మీ.లలో), రెండూ ఒకే రైఫిల్‌లో కాలాలి అన్నారు. విదేశీ కంపెనీలు వచ్చాయి, ట్రయల్స్ అయ్యాయి, చివరికి 2015లో టెండరే రద్దు చేశారు. చలి గాలిలో కొండ మీద కూర్చున్న జవాను జేబులో రెండో బ్యారెల్ పెట్టుకుని తిరుగుతాడా అని మొదటి రోజే అడగాల్సింది. జర్మనీలో ఇంకా విచిత్రం జరిగింది. వాళ్ల జీ36 రైఫిల్ వేడెక్కితే గురి తప్పుతోందని 2015లో పెద్ద గొడవై, రక్షణ మంత్రే దాన్ని మార్చేస్తామని ప్రకటించారు. కంపెనీ కోర్టుకి వెళ్లింది. 2016లో కోబ్లెంజ్ కోర్టు కంపెనీ పక్షానే తీర్పు చెప్పింది. అంత వేడిలో అంత గురి ఉండాలని ఒప్పందంలో ఎక్కడుంది అన్నదే వాదన. ఒప్పందంలో లేనిదాన్ని లోపం అనలేం కదా.

ఇప్పుడు అసలు విషయం, "ఇప్పుడున్న ఆయుధంతో పోలిక". ఇక్కడ అందరూ జారిపడేది ఒకే చోట. కొత్త రైఫిల్ కంపెనీ పెట్టెలోంచి కొత్తగా వస్తుంది. దాని పక్కన పెట్టే ఇన్సాస్ మాత్రం ఏదో కోత్‌లోంచి (యూనిట్ ఆయుధాల గది), పదిహేనేళ్లుగా ఏటా చాంద్‌మారీలో (ఫైరింగ్ రేంజ్) కాలి, రిక్రూట్ల చేతుల్లో బండల మీద పడి వచ్చింది. అప్పుడు కొత్తది గెలిస్తే మీరు పోల్చింది డిజైన్లని కాదు, కొత్తదాన్నీ పాతదాన్నీ. సరిగ్గా చేయాలంటే పాత మోడల్‌లో రెండు జట్లు కావాలి: ఫ్యాక్టరీ నుంచి తాజాగా వచ్చినవి కొన్ని, వాడకంలో ఉన్నవి కొన్ని. డిజైన్‌లో తేడా మొదటి జట్టు చెబుతుంది. జవానుకి నిజంగా ఎంత మేలు జరుగుతుందో రెండోది చెబుతుంది. రెండూ అవసరమే, కలిపేస్తే ఏదీ మిగలదు.

తర్వాత తూటా, మ్యాగజైన్. నా మట్టుకు నేను రైఫిల్ కంటే ముందు వీటినే చూస్తాను. ఇన్సాస్‌కి చెడ్డపేరు ఎక్కడ మొదలైంది? 1999లో కార్గిల్ చలికి ప్లాస్టిక్ మ్యాగజైన్లు పగిలాయని. అంటే రైఫిల్ లోపలి యంత్రం కంటే దానికి తగిలించిన డబ్బా పేరు ఎక్కువ చెడగొట్టింది. అమెరికా వాళ్ల ఎం16 కథ ఇంకా ఘోరం. పరీక్షలు ఒక రకం పౌడర్‌తో చేశారు, వియత్నాంకి పంపేటప్పుడు తూటాలో పౌడర్ మార్చారు. కాల్పుల వేగం పెరిగింది, లోపల మసి పెరిగింది, ఛాంబర్‌కి (తూటా కూర్చునే గది) క్రోమ్ పూత లేదు, పైగా చాలామంది సైనికులకి శుభ్రం చేసుకునే కిట్లే అందలేదు. కాల్చిన ఖోఖా (తూటా ఖాళీ గొట్టం) ఛాంబర్‌లో ఇరుక్కుపోయి మనుషులు చనిపోయారు. 1967లో వాళ్ల పార్లమెంటు కమిటీ కూర్చుని విచారించాల్సి వచ్చింది. పరీక్షించిన రైఫిల్ వేరు, యుద్ధానికి పంపిన రైఫిల్ వేరు అయిపోయాయి, పైన పేరు మాత్రం ఒకటే.

మా దగ్గర జరిగినది చెబుతాను. ఒక ట్రయల్‌లో కొత్త రైఫిల్ పదే పదే డబుల్ ఫీడ్ అవుతోంది, అంటే ఒకేసారి రెండు తూటాలు ముందుకొచ్చి ఇరుక్కోవడం. రేంజ్‌లో అప్పటికే "ఇది పనికిరాదు" అనేశారు. మేం ప్రతి మ్యాగజైన్‌కి తెల్ల పెయింట్‌తో నంబర్ వేసి ఉంచాం, ప్రతి స్టాపేజ్ (తుపాకీ ఆగిపోవడం) పక్కన రైఫిల్ నంబర్‌తో పాటు మ్యాగజైన్ నంబర్ కూడా రాసేవాళ్లం. సాయంత్రం లాగ్‌బుక్ ముందేసుకుని చూస్తే గోలంతా రెండు మ్యాగజైన్ల దగ్గరే పోగుపడింది. వాటి పై అంచులు, తూటాని పట్టి ఉంచే పెదవులు, వెర్నియర్ పెట్టి కొలిస్తే మిగతా వాటికంటే కొంచెం తెరుచుకుని ఉన్నాయి, కంటికి కనిపించనంత. ఆ రెండూ తీసేశాక మర్నాడు రైఫిల్ బుద్ధిగా నడిచింది. అయినా ఆ స్టాపేజ్‌లని లెక్కలోంచి కొట్టేయలేదు, కొట్టేయకూడదు కూడా, ఎందుకంటే మ్యాగజైన్లు పంపింది కూడా అదే కంపెనీ. కాకపోతే "మ్యాగజైన్ వల్ల" అనే వేరే గడిలో రాశాం.

ఇంకోచోట ప్రతి సిరీస్ అయ్యాక కంపెనీ మనిషి ఎంతో వినయంగా వచ్చి, జేబులోంచి తన సొంత ఆయిల్ బుడ్డి తీసి బోల్ట్ (తూటాని ఛాంబర్‌లోకి తోసి మూసే భాగం) మీద నాలుగు చుక్కలు వేసి వెళ్లేవాడు. రెండోసారికే ఆపించాం. పల్టన్‌లో ఇచ్చే నూనె, పుల్‌త్రూ (బ్యారెల్ శుభ్రం చేసే తాడు), చిందీ గుడ్డ, జవాను చేయి, వీటితోనే శుభ్రం జరగాలి. అన్ని రైఫిళ్లకీ ఒకే లాట్ తూటాలు వాడాలి. ఇవి చిన్న విషయాల్లా కనిపిస్తాయి గానీ వీటి దగ్గరే ఫలితాలు తారుమారవుతాయి.

గురి సంగతి త్వరగా చెప్పేస్తా, ఎందుకంటే ఇది అందరికీ ఇష్టమైన పరీక్ష, కానీ ఈ రోజుల్లో దీంతో పెద్దగా తేలేది లేదు. మంచి బ్యారెల్ ఉన్న ఏ రైఫిల్ అయినా 100 మీటర్లలో సరిపడా గ్రూపింగ్ ఇస్తుంది. చూడాల్సినవి రెండే. ఒకటి సైట్. కొత్తదానికి టెలిస్కోప్ బిగించి, పాతదాన్ని ఇనుప సైట్‌తో కాల్పించి "కొత్తది రెట్టింపు మెరుగు" అని రాస్తే ఆ మెచ్చుకోలు అద్దానిది, రైఫిల్‌ది కాదు. రెండోది మనిషి. ఇన్సాస్‌తోనే పెరిగిన జవాను దాంతో కళ్లు మూసుకుని కొడతాడు, కొత్తదాని ట్రిగర్ వాడికి పరాయిగా ఉంటుంది. పొద్దున చల్లగా ఉన్నప్పుడు ఒకటి, మధ్యాహ్నం ఎండమావులు లేస్తున్నప్పుడు ఇంకొకటి కాల్పిస్తే అదో అన్యాయం. అందుకని సగంమంది కొత్తదానితో మొదలుపెట్టి పాతదానికి వెళ్లాలి, మిగతా సగం తిరగేసి రావాలి, అంతకుముందు కొత్తదాని మీద అందరికీ సరిపడా అలవాటు కలిగించాలి.

ఆగిపోవడం, అంటే స్టాపేజ్‌ల లెక్క, దీన్నే నేను అన్నిటికంటే ఎక్కువ నమ్ముతాను. అమెరికన్లు మూడు తరగతులు పెట్టుకున్నారు: జవాను పది సెకన్లలోపు తనే సరిచేసుకోగలిగేది మొదటిది, తనే చేయగలడు గానీ అంతకంటే ఎక్కువ పట్టేది రెండోది, ఆర్మరర్ దగ్గరికి తేవాల్సింది మూడోది. యుద్ధంలో మూడోది అంటే చేతిలో కర్ర ఉన్నట్టే.

యూట్యూబ్‌లో ఒకాయన 300 రౌండ్లు కాల్చి "ఒక్కసారి కూడా ఆగలేదు" అంటాడు చూడండి, దానికి విలువెంతో చిన్న లెక్క ఉంది. ఒక్కసారి కూడా ఆగకుండా కాలిన రౌండ్ల సంఖ్యని మూడుతో భాగించండి. 300 రౌండ్లు అంటే, అది వందకి ఒకసారి ఆగే రైఫిల్ కాదని మాత్రమే కాస్త నమ్మకంగా చెప్పగలం, అంతకు మించి ఏమీ చెప్పలేం. వెయ్యికి ఒకసారి కంటే తక్కువ ఆగుతుందని చెప్పాలంటే ఒక్క అడ్డంకీ లేకుండా 3,000 కాలాలి. అదీ ఒక్క రైఫిల్‌తో కాదు, వేర్వేరు రైఫిళ్లతో, ఎందుకంటే ఒక మంచి పీసు దొరికితే దానితో ఎంతైనా కాల్చొచ్చు.

దీనికి నాకు తెలిసిన మంచి ఉదాహరణ 2007లో అమెరికా ఆర్మీ మేరీల్యాండ్‌లోని ఆబర్డీన్‌లో చేసిన దుమ్ము పరీక్ష. అప్పటికి వాళ్ల సర్వీసులో ఉన్న ఎం4, దానికి పోటీగా హెచ్‌కే416, స్కార్, ఎక్స్ఎం8. ఒక్కో రకంలో పది తుపాకీలు, ఒక్కోదానితో 6,000 రౌండ్లు, అంటే రకానికి 60,000. తుపాకీని దుమ్ము గదిలో అరగంట ఉంచడం, తీసి 120 రౌండ్లు కాల్చడం, మళ్లీ దుమ్ములో పెట్టడం. 600 రౌండ్లకి తుడిచి నూనె వేయడం, 1,200కి పూర్తిగా శుభ్రం చేయడం. ఫలితం: ఎక్స్ఎం8 127 సార్లు ఆగింది, స్కార్ 226, హెచ్‌కే416 233, ఎం4 మాత్రం 882. పేపర్లన్నీ ఎం4 చెత్త అని రాసేశాయి.

కానీ లోపలికి వెళ్లి చూడండి. ఆ 882లో 239 మ్యాగజైన్ వల్ల వచ్చినవి. అంతకుముందు అదే సంవత్సరం చేసిన దుమ్ము పరీక్షలో అదే ఎం4 ఆగింది 300 దగ్గర్లోనే. అదే రకం తుపాకీ, దుమ్ము పరీక్షే, కొన్ని నెలల తేడాతో అంకె దాదాపు మూడింతలు! ఎం4 మిగతావాటి వెనకబడిందన్నది నిజమే అనుకుంటాను, తేడా అంత పెద్దది. కానీ పరిస్థితిలో చిన్న మార్పుకే ఇంత ఊగితే, 226కీ 233కీ మధ్య తేడా పట్టుకుని ఎవరైనా వాదిస్తే నవ్వొస్తుంది. ఇంకా వినండి, తర్వాత ఎం4కి బదులు కొత్త కార్బైన్ కోసం పెట్టిన పోటీని 2013లో మూసేశారు, ఎందుకంటే వచ్చినవాటిలో ఏదీ ఆగకుండా పనిచేయడానికి పెట్టిన గీత దాటలేదు. ఆ పరీక్షకి వాడింది కొత్త రకం తూటా. మళ్లీ తూటా దగ్గరికే వచ్చాం చూశారా.

ఇక ఏళ్లు ఎందుకు పడతాయంటే, సగం కారణం రుతువులు. చలి గది, వేడి గది ల్యాబ్‌లో ఉంటాయి, నిజమే, అవి మొదటి జల్లెడ. కానీ ఎడారి ట్రయల్ మే, జూన్‌లోనే చేయాలి, ఎత్తు ప్రాంతపు ట్రయల్ చలికాలంలో. ఏదో ఒకటి తప్పి మార్పులు చేసుకు రమ్మంటే మళ్లీ అదే సీజన్ కోసం ఏడాది ఆగాలి. చలికి తూటాలో పౌడర్ నెమ్మదిగా కాలుతుంది, గ్యాస్ ఒత్తిడి తగ్గుతుంది, నూనె చిక్కబడుతుంది, బోల్ట్ పూర్తిగా వెనక్కి రాకపోవచ్చు. ఎండలో దీనికి సరిగ్గా తిరగబడి, ఒత్తిడి పెరిగి భాగాలు ఒకదానికొకటి గట్టిగా కొట్టుకుంటాయి. 5,000 మీటర్ల ఎత్తులో గాలి సాంద్రత సముద్రమట్టంలో ఉండేదానిలో 60 శాతమే, అంచేత బుల్లెట్ తక్కువ రాపిడితో చదునుగా వెళ్లి, కింద జీరో చేసిన (గురి సరిచేసిన) రైఫిల్ పైన దూరపు టార్గెట్లకి ఎత్తుగా కొడుతుంది. మనలాగా ఒకే రైఫిల్‌ని ఇన్ని రకాల నేలకి పంపే సైన్యాలు ప్రపంచంలో తక్కువ.

రేంజ్ పరీక్షలు అయ్యాక మా వంతు, మెయింటెనెన్స్ ట్రయల్. దీని గురించి ఎక్కడా వీడియోలు రావు, చప్పగా ఉంటుంది మరి. పూర్తిగా విప్పి ప్రతి స్ప్రింగు, పిన్ను చూస్తాం. ఒకే రకం రైఫిళ్లు పదింటి బోల్ట్‌లు కలిపేసి అటూ ఇటూ మార్చి బిగిస్తే అన్నీ నడవాలి, ప్రోటోటైపులు ఎక్కువగా ఇక్కడే దొరికిపోతాయి. ఇంకొకటి, ఫైరింగ్ పిన్‌ని ఆపే చీల లాంటి ముక్క విడిగా ఊడొస్తుందా అని చూస్తాం. దళసరి చేతితొడుగులు వేసుకుని, చీకట్లో, మంచు మీద కూర్చుని శుభ్రం చేసేవాడి చేతిలోంచి ఆ ముక్క జారిందంటే తెల్లారేదాకా ఆ తుపాకీ లేనట్టే.

బరువు గురించి ఒక్క మాట. ఉగ్రం 4 కిలోల్లోపు అంటున్నారు, ఇన్సాస్ ఖాళీగా 4 కిలోల పైచిలుకు. చూడ్డానికి కొత్తదే తేలిక. కానీ ఉగ్రం కాల్చే 7.62×51 తూటా ఒక్కోటి దాదాపు 24 గ్రాములు, ఇన్సాస్ 5.56 తూటా 12 గ్రాములు. నూరు రౌండ్లు మోస్తే కిలోకి పైగా తేడా. ఉగ్రం మ్యాగజైన్‌లో పట్టేవి 20. అమెరికా వాళ్లు 2022లో ఎంచుకున్న 6.8 మి.మీ. రైఫిల్‌తోనూ ఇదే రచ్చ, ముందు ఏడు మ్యాగజైన్లలో 210 రౌండ్లు మోసేవాడు ఇప్పుడు 140 మోస్తాడు. రేంజ్‌లో తుపాకీని మాత్రమే తూచితే ఇది బయటపడదు. పూర్తి సామాను వీపున వేసి కొండెక్కించి, పైకెళ్లగానే కాల్పిస్తేనే తెలుస్తుంది.

కాబట్టి "ఉగ్రం మంచిదా, ఏకే-203 మంచిదా" అన్న ప్రశ్నే నాకు అతకదు. ఏకే-203 అమేఠీ దగ్గర కోర్వాలో 6 లక్షల పైగా తయారు చేయడానికి ఒప్పందమైన, 7.62×39 తూటా కాల్చే, 30 రౌండ్ల మామూలు జవాను రైఫిల్. ఇన్సాస్ స్థానం దానిది. ఉగ్రం 500 మీటర్ల దూరానికి చేసినది, దాని అసలు పోటీ సిగ్ 716. ఆ సిగ్‌లు 2019లో 72,400, మళ్లీ 2024లో ఇంకో 73,000 ఆర్డర్ అయ్యాయి కాబట్టి ఆర్మీలో ఉగ్రానికి మిగిలిన చోటు అంత పెద్దదేం కాదని నా అంచనా. పారామిలిటరీ, రాష్ట్ర పోలీసులకి కూడా పనికొస్తుందని డీఆర్‌డీఓ అంది. అదీ చూసి చూసి ఇవ్వాలి. మన గ్రేహౌండ్స్ లాంటి వాళ్లు తిరిగే అడవిలో చెట్ల మధ్య ఎదురుపడే దూరం చాలాసార్లు యాభై, నూరు మీటర్లు. అక్కడ అర కిలోమీటరు కొట్టే తూటా కంటే జేబులో ఎక్కువ రౌండ్లు ఉన్నవాడికే ధైర్యం.

ట్రయల్ రిపోర్ట్ గురించి మళ్లీ వార్త ఏదైనా కనిపిస్తే ఎన్ని రైఫిళ్లతో, ఎన్ని రౌండ్లు, ఎవరి తూటాలు, ఏ నెలలో కాల్చారో అందులో ఉందేమో చూడండి. ఉంటే ఇక్కడ పెట్టండి, నేనూ చదువుతాను.